చెప్పుకుంటే పుణ్యం పోతుందా?



దానం గుప్తంగా చెయ్యాలంటారు మన పెద్దవాళ్ళు. చాటుకుంటే పుణ్యం పోతుందట! కాని అవయవదానం సంగతి వేరు. ఆ కథ నలుగురి చెవినా పడితేనే మరో నలుగురికి ప్రాణం నిలుస్తుంది.

1994 సెప్టెంబరులో రెగ్ గ్రీన్, మ్యాగీ అనే అమెరికన్ దంపతులు పిల్లలిద్దరితో ఇటలీ చూడబోయారు. రాత్రివేళ కారులో వెళుతుంటే దొంగలు కాల్పులు జరిపారు. వెనక సీట్లో నిద్రపోతున్న ఏడేళ్ళ కొడుకు నికొలస్ తలకు గుండు తగిలింది. మెదడు పూర్తిగా ఆగిపోయిందని డాక్టర్లు తేల్చారు. ఊరుకాని ఊరు, కడుపుకోత. అయినా బిడ్డ అవయవాలు ఇవ్వడానికి ఆ తల్లిదండ్రులు ఒప్పుకున్నారు. అయిదుగురికి అవయవాలు, ఇద్దరికి కంటిచూపు దక్కాయి. కాలేయం చెడి స్పృహ లేకుండా పడివున్న 19 ఏళ్ళ అమ్మాయి బతికి, పెళ్ళి చేసుకుని, తన కొడుక్కి నికొలస్ అనే పేరు పెట్టుకుంది.

అక్కడితో ఊరుకుంటే అది ఏడిళ్ళ కథగానే మిగిలేది. వాళ్ళు పత్రికలకూ టెలివిజన్‌కూ ఆ కథ పదే పదే చెప్పారు. తండ్రి పుస్తకం రాశాడు. తర్వాతి పదేళ్ళలో ఇటలీలో అవయవదానాలు మూడింతలయ్యాయి. ఆస్పత్రుల ఏర్పాట్లు మెరుగుపడడమూ ఒక కారణమే అనుకోండి. కాని 'శరీరాన్ని పాడుచేస్తారేమో' అని జంకే తల్లికి మరో తల్లి మాట ఇచ్చే ధైర్యం ఏ కరపత్రం ఇస్తుంది?

చెప్పేటప్పుడు కొన్ని జాగ్రత్తలు మాత్రం మరువకండి. మన కథ మనది. అవయవం పొందినవారి పేరూ ఊరూ వారి అనుమతి లేకుండా బయటపెట్టకూడదు. ఇంట్లో అందరూ సరేనన్నాకనే విలేకరికి ఫొటో ఇవ్వండి. దుఃఖం ఇంకా పచ్చిగా ఉంటే, 'ఇప్పుడు కాదు నాయనా' అనడంలో తప్పులేదు.

మన దేశంలోనూ 1994లోనే దీనికి చట్టం వచ్చింది. నలుగురు డాక్టర్ల బృందం, కనీసం ఆరు గంటల ఎడంతో రెండుసార్లు పరీక్షించి, మెదడు మరణించిందని ధ్రువపరచాలి. అవయవాలు అమ్మినా, కొన్నా నేరమే. ముందుగా కాగితం మీద సంతకం పెట్టి ఉన్నా, ఆ ఘడియలో డాక్టర్లు అడిగేది ఇంటివారినే. మన మనసులోని మాట వాళ్ళకు తెలియకపోతే ఏమని చెబుతారు పాపం?

అందుకే ఈ రాత్రి భోజనాలయ్యాక మీ ఇంట్లో నికొలస్ కథ చెప్పండి. 'అశుభం పలక్కమ్మా!' అని అత్తగారు కసురుకుంటే కసురుకోనివ్వండి. మాట చెవిన పడింది కదా! అదే చాలు.