మీకు తెలుసా? దశావతారాలు పాడిన మెటల్ ఆల్బమ్

ముంబయి మెటల్ సంగీత బృందం డెమోనిక్ రిసరెక్షన్ 2017లో విడుదల చేసిన ఆల్బమ్ పేరు ‘దశావతార్’. అందులో సరిగ్గా పది పాటలు. మొదటిది మత్స్యావతారం, చివరిది కల్కి. భిలాయ్ సెక్టర్-5 బాలాజీ మందిరానికి వెళ్లే తెలుగువాళ్లకు ఈ వరస కంఠతా వచ్చు. కొత్తదల్లా ఆ కథ చెప్పిన గొంతు, వెనక మోగిన గిటార్లు. ఉక్కు ఊరి శ్రోతలు ఈ సంగీతాన్ని ఎందుకు వినాలో చెప్పే ముచ్చట్లు కొన్ని ఇవిగో.

● సింఫనిక్ బ్లాక్ మెటల్ అంటే?
గిటార్ తీగల్ని ఆపకుండా అతివేగంగా మీటుతారు. డ్రమ్ములు ఆ వేగాన్ని అందుకుంటాయి. గాయకుడు గొంతు చీలేలా కేక పెడతాడు. అది బ్లాక్ మెటల్. దానికి వయొలిన్లు, బూరలు, బృందగానం తోడైతే సింఫనిక్ బ్లాక్ మెటల్. తొలిరోజుల్లో ఆ హంగంతా కీబోర్డులోంచే పలికించేవారు. తర్వాత నిజమైన ఆర్కెస్ట్రాలే వచ్చాయి. నార్వే బృందం డిమ్ము బోర్గిర్ 2010 నాటి ‘అబ్రహదబ్ర’ ఆల్బమ్ కోసం నార్వే రేడియో ఆర్కెస్ట్రాతో వాయింపజేసింది.

● హెవీ మెటల్ పుట్టింది కార్మికుల ఊళ్లో
ఇంగ్లండ్‌లోని బర్మింగ్‌హామ్‌లో రేకుల ఫ్యాక్టరీలో పనిచేసే టోనీ అయోమీకి పదిహేడేళ్ల వయసులో, ఉద్యోగంలో ఆఖరి రోజున, యంత్రంలో పడి కుడిచేతి రెండు వేళ్ల కొనలు తెగిపోయాయి. అతనిది ఎడమచేతి వాటం కాబట్టి గిటార్ తీగల్ని నొక్కేది కుడిచేతి వేళ్లే. రెండు వేళ్లు పనిచేయకున్నా గిటార్ గొప్పగా వాయించిన జాంగో రైన్‌హార్ట్ రికార్డును ఫ్యాక్టరీ పెద్ద ఒకరు అతనికి వినిపించారు. అయోమీ ప్లాస్టిక్ సీసా కరిగించి వేళ్లకు తొడుగులు చేసుకున్నాడు. నొప్పి తగ్గాలని పలచని తీగలు వేసుకుని, తర్వాత వాటిని వదులుగా శ్రుతి చేశాడు. అతని బృందం బ్లాక్ సబ్బాత్ పాటల్లో వినిపించే ఆ బరువైన మంద్రస్థాయి వెనక ఒక కార్మికుడి గాయం ఉంది.

● నార్వేలోనూ పరిశ్రమల ఊరే
సింఫనిక్ బ్లాక్ మెటల్‌కు పునాది వేసిన ఆల్బమ్‌లలో ఒకటి 1994లో వచ్చిన ఎంపరర్ బృందం ‘ఇన్ ద నైట్‌సైడ్ ఎక్లిప్స్’. బృందం వాళ్లది నోటోడెన్ ప్రాంతం. అక్కడ 1905లో ఎరువుల పరిశ్రమ మొదలైంది. ఆ పారిశ్రామిక వారసత్వాన్ని 2015లో యునెస్కో గుర్తించింది. 1993 జులైలో రికార్డింగ్ జరిగేనాటికి గాయకుడు ఇసాన్‌కు పద్దెనిమిదేళ్లు కూడా నిండలేదు. రికార్డు చేసిన చోటు, బెర్గెన్ ఫిల్హార్మోనిక్ ఆర్కెస్ట్రాకు నెలవైన గ్రీగ్ హాల్.

● చీకటి నిజం
నార్వే బ్లాక్ మెటల్ తొలితరం చేతులకు మరక ఉంది. ఎంపరర్ సభ్యుల్లో కొందరు హత్య, చర్చిల దహనం వంటి నేరాలకు జైలుకు వెళ్లారు. పాట బాగుందని ఆ నేరాన్ని క్షమించక్కర్లేదు. ఆ సంగీతం నేర్చుకున్న ప్రతివాడికీ ఆ ద్వేషం అంటగట్టడం కూడా న్యాయం కాదు.

● ముంబయి నుంచి నార్వేకి
డెమోనిక్ రిసరెక్షన్ 2000లో మొదలైంది. బ్లాక్ మెటల్‌ను, డెత్ మెటల్ అనే మరో మెటల్ శైలిని సింఫనీ హంగుతో కలిపిన బృందమిది. సారథి సాహిల్ మఖీజా. 2010లో నార్వేలోని ఇన్‌ఫెర్నో ఉత్సవంలో, అంటే ఈ సంగీతపు పుట్టింట్లోనే, వాయించి వచ్చారు. ‘దశావతార్’ వాళ్ల అయిదో పూర్తి ఆల్బమ్. పాటలు ఇంగ్లిష్‌లోనే, కథలు మాత్రం మనవి. మన వాద్యాలనూ గిటార్ల సరసన కూర్చోబెట్టారు.

● భిలాయ్ చెవికి ఇది పరాయిది కాదు
సోవియట్ యూనియన్‌తో 1955లో కుదిరిన ఒప్పందంతో భిలాయ్ కర్మాగారానికి పునాది పడింది. 1959 ఫిబ్రవరిలో మొదటి బ్లాస్ట్ ఫర్నేస్ మొదలైంది. పక్కనే ఉన్న గనియారి గ్రామంలో పుట్టిన తీజన్ బాయి ఆ కర్మాగారంలోనే ఉద్యోగం చేస్తూ, మహాభారతాన్ని పాడి చెప్పే జానపద కళ పండవానీని ప్రపంచానికి వినిపించారు. 2019లో పద్మవిభూషణ్ అందుకున్నారు. ఆడవాళ్లు కూర్చునే పాడాలన్న రోజుల్లో ఆమె నిలబడి, గర్జిస్తూ భారతం చెప్పారు. చేతిలో తంబూరా ఒక క్షణంలో భీముడి గద అయిపోతుంది. పక్కన ‘రాగీ’ ఊ కొడుతూ, ప్రశ్నలు వేస్తూ కథ నడిపిస్తాడు. మన బుర్రకథలో భుజాన తంబూరా, పక్కన వంతలు ఉన్నట్టే. యుద్ధం చెప్పాలంటే గొంతు గర్జించాలని మన జానపద కళాకారులకు ఎప్పుడో తెలుసు.

● ఎలా వినాలి?
‘దశావతార్’లో నాలుగో పాట, నరసింహావతారంతో మొదలుపెట్టండి. సాహిత్యం ముందు పెట్టుకుని వింటే కేకల్లోంచి మాటలు విడివడతాయి. తొలిసారి డ్రమ్ముల్ని, రెండోసారి వెనకున్న కీబోర్డుల్ని పట్టుకోండి. స్తంభం చీల్చుకుని వచ్చిన దేవుడి ఉగ్రరూపానికి మెత్తని రాగం చాలదని ఆ బృందం నమ్మింది. ఆ నమ్మకంలో భక్తి ఎంతో, కళ ఎంతో విన్నవాళ్లే తేల్చుకోవచ్చు. ఇంట్లో పిల్లలు ఈ సంగీతం వింటుంటే వాళ్లతో కూర్చుని ఆ అవతార కథ మీరు చెప్పండి. పాటలో లేనిది వాళ్లకు మీ నుంచి అందుతుంది.