షట్పదము: ఆరు కాళ్ళ మాట

చీరాలకు చేరువనున్న వాడరేవు పేరులో ఒక పాత మాట దాగియున్నది. ‘వాడ’ యనగా ఓడ. ఓడలు ఆగు రేవు గనుక వాడరేవు. నేటివారిలో పలువురికి ఆ అర్థము తెలియకున్నను ఊరి పేరు దానిని పదిలముగా కాచుచున్నది. మాటలలో కొన్ని ఇట్లు అర్థమును దాచుకొని నిలుచును. కొన్ని అర్థమును పెంచుకొని ఎదుగును. అట్లు ఎదిగిన మాటలలో ‘షట్పదము’ ఒకటి.

ఆ ఇసుకపై సాయంసమయమున పిల్లలను విడిచి చూడుడు. కన్నములనుండి వెలికి వచ్చి, అడుగుల సవ్వడి కాగానే ప్రక్కవాటుగా పరుగెత్తు పీతలను తరుముదురు. వలలు దులిపిన చోట చిన్న రొయ్యలను ఏరుదురు. ‘ఇవి పురుగులా?’ అని అడిగినచో కొందరు ఔననియు, కొందరు కాదనియు అందురు. కాదన్నవారిని ‘ఏల కావు?’ అని మరల అడిగినచో సమాధానము తోచదు. పెద్దవారి స్థితియు అంతకంటె మెరుగు కాదు. చీమ పురుగు, సాలీడు సాలెపురుగు, జెర్రి విషపు పురుగు, పాము సయితము ఒక్కొక్కప్పుడు పురుగే! ‘పురుగు ముట్టినది’ అని పాముకాటును చెప్పుట మన పల్లెలలో కలదు. ఇంత విశాలమైన మాటతో సంసారము సాగును గాని శాస్త్రము సాగదు. అందుచేత శాస్త్రజ్ఞులు కాళ్ళను లెక్కించిరి. ఆ లెక్కకు తెలుగులో పెట్టిన పేరు షట్పదము.

ఈ పేరు క్రొత్తగా కల్పించినది కాదు. షట్ అనగా ఆరు. పదము అనగా కాలు. అర్థమును బట్టి చూచిన చీమయు, ఈగయు, దోమయు షట్పదములే. కాని అమరసింహుడు తన కోశమున ఈ మాటను తుమ్మెద పేర్లలో చేర్చెను. భ్రమర శబ్దమున రెండు రేఫలు గలవు కనుక తుమ్మెద ద్విరేఫము. తేనె త్రాగును కనుక మధుపము. ఆరు కాళ్ళు గలవు కనుక షట్పదము. మన కవులును ఈ దారినే నడచిరి. కావ్యమున షట్పదము కనబడినచో అచట తామరపూవు ఉండవలెను, ఝంకారము వినబడవలెను. దోమను షట్పదమన్న కవి కానరాడు.

ఇట్టి మాటలను మన శాస్త్రకారులు యోగరూఢములనిరి. వ్యుత్పత్తి పెక్కింటికి చెల్లినను వాడుక ఒక్కదానికే కట్టుపడుట యోగరూఢి. బురదలో పుట్టునవి ఎన్ని యున్నను పంకజమనగా తామరయే. ఆరు కాళ్ళు గలవి ఎన్ని యున్నను షట్పదమనగా తుమ్మెదయే. ఆధునిక శాస్త్రము చేసిన పని యేమనగా, ఈ మాటనుండి రూఢిని విడదీసి యోగమును నిలిపినది. తుమ్మెద ఒక్కటే అనుభవించిన బిరుదును ఆరు కాళ్ళ ప్రాణులన్నింటికి పంచినది. పరిభాషను కల్పించువారికి ఇంతకంటె చక్కని మార్గము లేదు. మాట పాతది, చెవికి పరిచితమైనది. హద్దు మాత్రము క్రొత్తది.

పడమటి దేశములలో ఈ హద్దు ఏర్పడుటకు చాల కాలము పట్టెను. గ్రీకు తత్త్వవేత్త అరిస్టాటిల్ ఈ ప్రాణుల ఒడలు నడుమ నడుమ నరికినట్లుండుట చూచి ‘ఎంటొమా’ అని పిలిచెను. ఆ అర్థమే లాటినులో ‘ఇన్సెక్టా’ అయినది. 1758లో లినేయస్ తన ‘సిస్టమా నేచురే’ పదవ ముద్రణమున ఇన్సెక్టాను రెక్కలను బట్టి ఏడు క్రమములుగా విభజించెను. బిరుసు రెక్కల పెంకుపురుగులు కోలియోప్టెరా. పొలుసు రెక్కల సీతాకోకచిలుకలు లెపిడోప్టెరా. రెండే రెక్కల ఈగలు, దోమలు డిప్టెరా. ఈ పేర్లు నేటికిని నిలిచియున్నవి. కాని రెక్కలు లేనివానిని అన్నింటిని ఆయన ‘ఆప్టెరా’ అను ఒక్క గంపలో వేసెను. అందులో పేను, సాలెపురుగు, తేలు, జెర్రి, పీత అన్నియు చేరెను! మన ‘పురుగు’ ఎంత విశాలమో లినేయస్ ఇన్సెక్టాయు ఇంచుమించు అంత విశాలము. వాడరేవు పిల్లలు పీతను పురుగన్నచో నవ్వవలసిన పని లేదు.

తరువాతి తరమువారు ఈ గంపను విప్పి సాలీళ్ళను ఒక వైపు, పీతలను ఒక వైపు వేరుపరచిరి. 1825లో ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు లాట్రీల్ ‘హెక్సాపొడా’ అను పేరు పెట్టెను. గ్రీకు భాషలో హెక్స్ అనగా ఆరు, పొడ్ అనగా పాదము. మన షట్పదమునకు ఇది అక్షరాల సమానము. ఈ లాట్రీల్ మతాచార్యుడు. ఫ్రెంచి విప్లవకాలమున బోర్డో పట్టణపు చెరసాలలో బందీగా ఉండగా గది నేలపై ఒక చిన్న పెంకుపురుగు కనబడినది. అది అరుదైనదని ఆయన చెప్పగా, బందీలను చూడవచ్చిన వైద్యుడు దానిని ఊరిలోని ఒక యువ ప్రకృతిశాస్త్రాభిమానికి పంపెను. బందీ ఎవరో తెలిసి ఆ యువకుడు ఆయనను విడిపించు ఏర్పాటు చేసెను. తోటి బందీలు ప్రాణములు కోల్పోయిరి. పురుగును పేరుపెట్టి పిలువగలిగిన నేర్పు ఒక మనుష్యుని ప్రాణమును నిలిపినది.

ఇక షట్పదమును గుర్తించుట ఎట్లు? దాని ఒడలు మూడు భాగములు: తల, రొమ్ము, పొట్ట. కాళ్ళన్నియు రొమ్మునుండియే పుట్టును; మూడు జతలు. తలపై ఒక జత మీసములుండును. వీనిని పాఠ్యపుస్తకములు స్పర్శశృంగములనును. నడచునపుడు ఒక వైపు ముందు, వెనుక కాళ్ళును, రెండవ వైపు నడిమి కాలును ఒక్కసారి నేలను తాకును. అనగా ఎల్లప్పుడును ముక్కాలిపీట వలె మూడు కాళ్ళపై నిలకడ కలిగి, తక్కిన మూడింటితో ముందుకు సాగును. తరగతిలో బొద్దింకను చూపి ఈ సంగతి చెప్పినచో విద్యార్థి మరువడు.

లెక్కించునపుడు రెండు చోట్ల పొరపాటు పడుదురు. గొంగళిపురుగునకు ఆరుకంటె ఎక్కువ కాళ్ళున్నట్లు తోచును. రొమ్మునుండి వచ్చిన మూడు జతలే నిజమైన కాళ్ళు. పొట్ట క్రింద ఉన్నవి ఆకును పట్టుకొనుటకు ఏర్పడిన మెత్తని కండదిమ్మలు. ఈగ పిల్లకు అసలు కాళ్ళే లేవు; ఐనను అది పెరిగి ఈగ యగును కనుక షట్పదమే. ప్రాణి బాల్యమును బట్టి కులము నిర్ణయింపరాదు.

ఈ కొలతతో చూచినచో మనకు ఎంతో చనవైన కొన్ని ‘పురుగులు’ హద్దు వెలుపలనే నిలుచును. సాలెపురుగునకు ఎనిమిది కాళ్ళు, మీసములు లేవు. సంస్కృత నిఘంటువులు సాలీటిని అష్టాపదమని పిలిచి ఈ లెక్కను ముందే చెప్పినవి. తేలును అంతే. తొలకరిలో ఆరుద్రకార్తె నాడు పొలము గట్లపై కుంకుమ చిందినట్లు కనబడు ఆరుద్రపురుగు రైతునకు శుభసూచన, పిల్లలకు ఆటవస్తువు. దానిని అరచేత నుంచుకొని కాళ్ళు లెక్కించుడు: ఎనిమిది. అది సాలీటి చుట్టము, నల్లి జాతిది. మన భాషలో పురుగు, శాస్త్రములో షట్పదము కాదు.

‘ఆరైననేమి, ఎనిమిదియైననేమి?’ అని అడుగువారు ఒకసారి మిరపచేను చూడవలెను. బాపట్ల, గుంటూరు ప్రాంతముల రైతులు మిరపలో రెండు ముడతలను ఎరుగుదురు. ఆకు అంచులు పైకి ముడుచుకొని పడవ వలె అగుట పై ముడత. అంచులు క్రిందికి వంగి బోర్లించిన పడవ వలె అగుట క్రింది ముడత. మొదటిదానికి కారణము తామరపురుగు. దానికి ఆరు కాళ్ళు, అంచులకు కుచ్చు వంటి రోమములు గల రెక్కలు, అది షట్పదము. రెండవదానికి కారణము నల్లి. మంచములలో దూరి నెత్తురు త్రాగు నల్లి షట్పదమే గాని, పేరు ఒకటైనను ఈ మిరప నల్లి వేరు. ఇది సాలీటి వంశము. రెండును కంటికి ఆననంత చిన్నవి. చేసిన చేటు ఒకే తీరుగా తోచును.

కాని మందు ఒకటి కాదు. షట్పదములను చంపుటకు చేసిన మందులలో పెక్కు నల్లిపై పనిచేయవు. నల్లికి గంధకము వంటివి కావలెను. అంతకంటె చేటు మరొకటి కలదు. సింథటిక్ పైరిథ్రాయిడు తరగతి మందులు నల్లిని తిని బ్రతుకు మిత్రజీవులను చంపును. అపుడు నల్లి అణగుటకు మారుగా మరింత పెరుగును. రెంటిపైనను పనిచేయు మందులు కొన్ని ఉన్నను, శత్రువెవరో తెలియక కొట్టిన మందునకు డబ్బు పోవును, పైరు పోవును, మిరపకాయపై విషము మిగులును. కాళ్ళ లెక్కలో రెంటి తేడా రైతు ఇంటి లెక్కలో చాల పెద్దది.

2021లో మరొక సంగతి జరిగినది. 2015లో బెంగుళూరున బొప్పాయిపై మన దేశమున మొదట గుర్తింపబడిన నల్ల తామరపురుగు ఆ సంవత్సరము తెలుగునాట మిరపతోటలపై విరుచుకుపడెను. పూలలో గుంపులుగా చేరి పూతను రాల్చెను. పాత తామరపురుగు ఆకులకు పట్టును. ఇది ముఖ్యముగా పూలను పట్టును. రెండును షట్పదములే, రెండును ఒకే క్రమమునకు చెందినవే; ఐనను జాతి వేరు, నడవడి వేరు. కనుక షట్పదమని తెలియుట గడప దాటుట మాత్రమే; లోపల క్రమము, కుటుంబము, జాతి అను గదులు గలవు. 1945లో బాపట్లలో నెలకొన్న వ్యవసాయ కళాశాల వంటి చోట్ల విద్యార్థి మొదట నేర్చుకొనునది ఈ గదుల పేర్లే.

వాడుకను గూర్చి ఉపాధ్యాయులకు ఒక మాట. షట్పదము, కీటకము అను రెంటిని ఒకే అర్థమున వాడుట అలవాటైనది. సామాన్య ప్రసంగమున తప్పు లేదు. కాని శాస్త్రమున రెంటికి తేడా కలదు. తడిమట్టిలో, కుళ్ళిన ఆకుల క్రింద చివాలున ఎగిరెడి కొలెంబొలా అను చిన్న ప్రాణులకు ఆరు కాళ్ళే. కాని వాని నోటిభాగములు తలలోనికి ముడుచుకొనియుండును. వానిని నేటి శాస్త్రజ్ఞులు కీటకములలో చేర్పరు. కనుక ప్రతి కీటకము షట్పదమే. ప్రతి షట్పదము కీటకము కాదు. అట్లే నల్లి పిల్లకు గ్రుడ్డునుండి వెలువడినపుడు ఆరే కాళ్ళు, తరువాత ఎనిమిదియగును. అది షట్పదము కాదు. సంఖ్య ఒక్కటే చాలదు. మీసములున్నవా, ఒడలు మూడు భాగములుగా ఉన్నదా అని కూడ చూడవలెను. పేరు గుర్తునకు సంకేతమే గాని గుర్తులన్నియు పేరులో ఇమడవు.

మరల వాడరేవునకు పోవుదము. నేలపై షట్పదములు పది లక్షల జాతులకు మించి ఉండగా, ఎదుటనున్న ఈ మహాసముద్రమున వానికి చోటు లేకున్నది. నడిసముద్రమున జీవించునవి హాలోబాటిస్ అను రెక్కలు లేని పురుగులలో 5 జాతులు మాత్రమే. అవియు నీటిలో మునుగక, చెరువు నీటిపై పరుగెత్తు పురుగుల వలె, అలలపై నడచును. కడలి పీతది, రొయ్యది, నేల షట్పదములది.

ఐతే ఈ రెండు రాజ్యముల నడుమ చుట్టరికమే లేదా? 2010లో 62 జన్యువులను పోల్చి వెలువరించిన పరిశోధనము మున్నుండి ఉన్న ఒక ఊహను గట్టిపరచినది. షట్పదములు రొయ్యలు, పీతల వంశవృక్షమునుండియే చీలిన కొమ్మ. తోటలో తూనీగకు దగ్గరి బంధువు ఇంటి మూలనున్న సాలీడు కాదు, వలలో చిక్కిన రొయ్య. పీతను పురుగులలో చేర్చిన లినేయస్ పొరబడెను. కాని ఆ పొరపాటులో ఇంత నిజము ఇమిడియున్నది.

కనుక ఇసుకపై పీతను పట్టి తెచ్చిన పిల్లవాడు ‘ఇది పురుగా?’ అని అడిగినచో, కాదని త్రోసివేయక కాళ్ళు లెక్కింపుమనుడు. డెక్కలతో కలిపి పది తేలును. ‘షట్పదము కాదు, షట్పదమునకు చుట్టము’ అని చెప్పుడు. తరువాత వాడు ప్రతి దానిని లెక్కించుట మొదలిడును. కొన్నాళ్ళకు వాడే తండ్రి మిరపచేనిలో ఆకు వెనుకకు త్రిప్పి, భూతద్దము పట్టి, మందు కొట్టకమునుపే కాళ్ళు లెక్కించును.