పులికాట్‌లో ఏ పడవ తేలుతుంది?

2022 ఏప్రిల్‌లో జిల్లాలు విడదీసినప్పుడు సూళ్లూరుపేట, తడ ప్రాంతాలు నెల్లూరు నుంచి తిరుపతి జిల్లాకు వచ్చాయి. వాటితోపాటు పులికాట్ సరస్సులో ఎక్కువ భాగం కూడా వచ్చింది. ఉప్పునీటి సరస్సుల్లో మన దేశంలో చిలకా తర్వాత ఇదే పెద్దది. ఏడుకొండల జిల్లాకు ఇంత నీరు, ఇంత గాలి దక్కాయి గదా, ఇక్కడ ఒక చిన్న తెరచాప పడవ దింపితే? సెలవు రోజున ఇంటిల్లిపాదీ షికారు చేయాలి, పందెంలోనూ పరుగెత్తాలి. అలాంటి పడవను క్రూజర్-రేసర్ అంటారు. దాని వెనక ఉన్న లెక్కలు, మనుషులు, మన ఊళ్లతో ఉన్న చుట్టరికాలు ఇవీ.

ఈ జాతి పడవల్లో జగమెరిగినది జే/24. అమెరికాలో రాడ్ జాన్‌స్టన్ అనే ఆయన 1970ల మధ్యలో తన ఇంటి గ్యారేజీలోనే మొదటిదాన్ని కట్టాడు. గ్యారేజీ తలుపు వెడల్పే పడవ వెడల్పును తేల్చిందంటారు. పొడవు 7.3 మీటర్లు, బరువు సుమారు 1,400 కిలోలు. లోపల నలుగురు పడుకోవచ్చు, నిలబడటం మాత్రం కుదరదు. 1977 నుంచి ఇప్పటిదాకా ఇలాంటివి ఐదు వేలకు పైగా నీళ్లలోకి దిగాయి.

దాన్ని తెచ్చి పులికాట్‌లో దింపితే? నేలకు తగులుకుంటుంది. జే/24కి తేలడానికి 1.22 మీటర్ల లోతు కావాలి. పులికాట్‌లో చాలాచోట్ల లోతు మీటరు అటూ ఇటూ. ఎండాకాలంలో ఉత్తరం వైపు నేలే బయటపడుతుంది. భీమునివారిపాలెం రేవు నుంచి ఇరకం దీవికి జనాన్ని చేరవేసే పడవల అడుగు బల్లపరుపుగా ఉండటానికి కారణం ఇదే. ఆ పడవలు కట్టినవాళ్లు పుస్తకం చూసి కట్టలేదు, సరస్సును చూసి కట్టారు. ఈ విషయంలో వాళ్ల మాటే నాకు ప్రమాణం.

జే/24కి అంత లోతు ఎందుకంటే పడవ కింద వేలాడే కీల్ వల్ల. దానికి రెండు పనులు. గాలి పక్క నుంచి తోసినప్పుడు పడవ పక్కకు జారిపోకుండా నీటిని పట్టుకోవాలి. గాలికి పడవ ఒరిగితే మళ్లీ నిలబెట్టాలి. జే/24 కీల్‌లో 430 కిలోల దాకా సీసం ఉంటుంది. దాని అడ్డుకోత ముందు గుండ్రంగా, వెనక సన్నగా, అచ్చం విమానం రెక్కలా ఉంటుంది. అమెరికాలో నాకా అనే వైమానిక సంస్థ 1930లలో విమానాల కోసం ప్రకటించిన రెక్క ఆకారాలనే తర్వాత ఎందరో పడవల రూపకర్తలు కీల్‌కూ చుక్కానికీ వాడుకున్నారు. గాలిలో తెరచాప ఒక రెక్క, నీటిలో కీల్ ఇంకో రెక్క. ఈ రెండూ ఉంటేనే పడవ ఎదురుగాలిలో వంకరటింకరగా మలుపులు తిరుగుతూ ముందుకు పోగలదు.

లోతు లేనిచోట ఏం చేయాలో డచ్చివాళ్లకు బాగా తెలుసు. వాళ్ల దేశమే లోతు తక్కువ నీళ్ల దేశం. పడవకు రెండు పక్కలా రెక్కల్లాంటి పలకలు కట్టి, గాలి పోయే వైపు పలకను నీటిలోకి దించేవారు, లోతు తగ్గితే పైకి లాగేవారు. ఆ డచ్చివాళ్లే 1613లో పులికాట్ ఊళ్లో గెల్డ్రియా కోట కట్టి, దశాబ్దాల పాటు కోరమాండల్ వ్యాపారాన్ని అక్కణ్నుంచే నడిపారు. మన తీరపు తెప్పలకూ ఇలాంటి పక్క పలకలు ఉండేవి. ఎవరు ఎవరి దగ్గర నేర్చుకున్నారన్న తగవు అక్కర్లేదు. ఒకే రకం కష్టం ఒకే రకం ఉపాయాన్ని పుట్టించింది.

వేగానికి ఒక సులువైన లెక్క. పడవ నీటిని తాకే పొడవును మీటర్లలో తీసుకుని, దాని వర్గమూలాన్ని నాలుగున్నరతో గుణించండి. ఎంత వస్తే అన్ని కిలోమీటర్లు గంటకు. జే/24కి 11 వస్తుంది. బరువైన పడవ అంతకు మించి పోవాలంటే తాను లేపిన అలనే తాను ఎక్కాలి.

ఎర్రచందనంతో పడవ కడితే? శేషాచలం చెట్టు చేవ ఘనపు మీటరు సుమారు 1,100 కిలోలు తూగుతుంది. నీళ్లలో వేస్తే మునుగుతుంది. జే/24 గోడల్లో రెండు ఫైబర్ పొరల మధ్య పెట్టేది బాల్సా చెక్క. అది ఎర్రచందనంలో ఏడోవంతు బరువు కూడా ఉండదు.

వేగం, బరువు తర్వాత చూడాల్సింది భద్రత. 1979 ఆగస్టులో ఇంగ్లండ్ దగ్గర ఫాస్ట్‌నెట్ పందేనికి 303 పడవలు బయలుదేరాయి. తుపానులో 15 మంది నావికులు చనిపోయారు. ఆ దుర్ఘటన తర్వాత, పడవ వెడల్పునూ బరువునూ బట్టి తిరగబడే ముప్పును అంచనా వేసే సూత్రం ఒకటి వాడుకలోకి వచ్చింది. ఫలితం 2 దాటితే ఆ పడవతో మహాసముద్రానికి పోకూడదు. జే/24కి నేను లెక్కగడితే 2.4 దాటింది. తీరం కనబడే నీళ్లకే అది సరి.

మనకు దగ్గర్లో పాత తెరచాప క్లబ్బు చెన్నైలోని రాయల్ మద్రాస్ యాట్ క్లబ్. 1911లో దాన్ని స్థాపించిన సర్ ఫ్రాన్సిస్ స్ప్రింగ్ మద్రాసు పోర్ట్ ట్రస్ట్ ఛైర్మన్. మరుసటి ఏడాది ఆయన ఆఫీసులో నెలకు 30 రూపాయల జీతంతో ఒక గుమాస్తా చేరాడు. పేరు శ్రీనివాస రామానుజన్. అంతకుముందు ఆ కుర్రాణ్ని నెలనెలా డబ్బిచ్చి ఆదుకున్న రామచంద్రరావు, సూళ్లూరుపేట అప్పట్లో ఉన్న నెల్లూరు జిల్లాకే కలెక్టర్.

ఇక మన ఆడపిల్లల సంగతి. విశాఖపట్నం అమ్మాయి పాతర్లపల్లి స్వాతి, హైదరాబాద్ అమ్మాయి బొడ్డపాటి ఐశ్వర్య నౌకాదళంలోని మరో నలుగురితో కలిసి 2017 సెప్టెంబరు 10న గోవాలో తారిణి అనే తెరచాప పడవ ఎక్కారు. భూగోళం చుట్టి 2018 మే 21న తిరిగొచ్చారు. 254 రోజులు, 21,600 నాటికల్ మైళ్లు. 17 మీటర్ల ఆ పడవను గోవాలోనే కట్టినా, డిజైన్ నెదర్లాండ్స్‌లోని వాన్ డి స్టాట్ సంస్థది.  1949లో ఆ సంస్థ స్థాపకుడు వాన్ డి స్టాట్ ప్లైవుడ్‌తో కట్టిన జేవాల్క్ అనే తేలికైన పందెం పడవకు కీల్, చుక్కాని వేర్వేరుగా ఉన్నాయి. చుక్కానిని కీల్ వెనక అంచుకు అతికించడం అప్పటి ఆనవాయితీ. ఈనాటి క్రూజర్-రేసర్లు దాదాపు అన్నీ జేవాల్క్ దారినే పోతున్నాయి.

పులికాట్‌కు కావలసింది కీల్‌ను పైకి లాగేయగల తేలిక పడవ. అరమీటరు నీళ్లలోనూ నడవాలి, మోటారు చప్పుడుతో కొంగల్నీ ఫ్లెమింగోల్నీ బెదరగొట్టకూడదు. ఏర్పేడులో ఐఐటీ ఉంది, తిరుపతిలో ఎస్వీయూ ఇంజినీరింగ్ కాలేజీ ఉంది. ఆఖరి ఏడాది ప్రాజెక్టు కోసం వెతుకుతున్న పిల్లలెవరైనా ఈ పని చేపట్టండి. గీత గీసే ముందు భీమునివారిపాలెం వెళ్లి, అక్కడి పడవవాళ్లతో ఒక పూట కూర్చుని మాట్లాడండి.