శీతాకాలానికి ముందు పచ్చిక బయళ్ళకు ఎరువుల యాజమాన్యం

సికింద్రాబాద్‌లోని నేరేడ్‌మెట్, సైనిక్‌పురి పరిసరాలలో ఇంటి ముంగిట పచ్చికను పెంచే అలవాటు చాలాకాలంగా ఉన్నది. స్వాతి కార్తె ప్రవేశించి రాత్రులు చల్లబడగానే గడ్డి వన్నె తగ్గుతుంది. ఆ దశలో యూరియా చల్లవలెనా, మానవలెనా అన్నది విస్తరణ శాస్త్రవేత్తలకు తరచుగా ఎదురయ్యే ప్రశ్న. విదేశాలలోని బంధువులు శరత్కాలమే ఎరువుకు అనువైన అదనని చెప్పడంతో ఈ సందేహం మరింత బలపడుతుంది.

ఆ సలహా శీతల దేశాలకు వర్తించేదే. అమెరికా ఉత్తర రాష్ట్రాలలో పెరిగే కెంటకీ బ్లూగ్రాస్, ఫెస్క్యూ, రై గడ్డి శీతకాల జాతులు. వీటి ఆకులు 15 నుంచి 24 డిగ్రీల సెల్సియస్ మధ్య, వేర్లు అంతకంటే తక్కువ ఉష్ణోగ్రతలో చురుకుగా పెరుగుతాయి. శరత్కాలంలో ఆకుల పెరుగుదల మందగించినా కిరణజన్య సంయోగక్రియ కొనసాగుతుంది. అప్పుడు అందిన నత్రజని వల్ల వేర్లు బలపడి, పిండిపదార్థాలు నిల్వ చేరి, వసంతంలో గడ్డి త్వరగా పచ్చబడుతుంది. అయితే అక్కడ కూడా ఆలస్యం తగదు. నేల చల్లబడిన కొద్దీ వేర్లు గ్రహించే నత్రజని తగ్గి, మిగిలినది నీటితోపాటు కొట్టుకుపోతుంది. తెలుగువారు అధికంగా నివసించే న్యూజెర్సీలో 2011లో వచ్చిన చట్టం నవంబరు మధ్య నుంచి ఫిబ్రవరి చివరి వరకు గృహస్థులు పచ్చికకు ఎరువు వేయరాదని నిర్దేశించింది.

నేరేడ్‌మెట్‌లోని గరిక, కొరియన్ గడ్డి ఉష్ణకాల జాతులు, సి4 మొక్కలు. వీటికి 27 నుంచి 35 డిగ్రీలు అనుకూలం. డిసెంబరు, జనవరి మాసాలలో ఇక్కడి కనిష్ఠ ఉష్ణోగ్రత సగటున 15 డిగ్రీలకు చేరువగా ఉండి, కొన్ని రాత్రులలో 10 డిగ్రీల లోపునకు దిగుతుంది. పగటి ఎండ వలన గడ్డి పూర్తిగా నిద్రావస్థకు చేరదు గాని పెరుగుదల మందగిస్తుంది. అప్పటి పసుపు వన్నె చాలావరకు చలి ఫలితమే గాని పోషకాల ఆకలి కాదు. దానిని నత్రజని లోపంగా భావించి యూరియా చల్లితే లేత ఆకులు వచ్చి, మంచు తడిలో శిలీంధ్ర తెగుళ్ళకు లోనయ్యే ప్రమాదం ఉన్నది.

కావున చలికి ముందటి చివరి నత్రజని మోతాదును సెప్టెంబరు మధ్య నుంచి అక్టోబరు మధ్య లోపల ముగించడం మేలు. చదరపు మీటరుకు 3 గ్రాముల నత్రజని చాలును. యూరియాలో 46 శాతం నత్రజని ఉన్నందున 100 చదరపు మీటర్లకు సుమారు 650 గ్రాములు సరిపోతుంది. భూసార పరీక్షలో పొటాష్ తక్కువని తేలితే అదే విస్తీర్ణానికి 500 గ్రాముల మ్యూరేట్ ఆఫ్ పొటాష్ జతచేయవచ్చును. భాస్వరాన్ని పరీక్ష ఫలితం లేకుండా వేయరాదు. ఎరువును పొడి ఇసుకతో కలిపి, ఆకులు ఆరి ఉన్నప్పుడు చల్లి, వెంటనే పలుచగా నీరు పెట్టవలెను. నీరు పెట్టడంలో జాప్యమైతే ఆకులు మాడవచ్చు. యూరియాలోని కొంత నత్రజని అమ్మోనియాగా గాలిలో కలిసిపోతుంది. భారీ వర్ష సూచన ఉన్న రోజున చల్లరాదు.

చలికాలంలో పచ్చదనం తప్పనిసరి అనుకున్నచోట లీటరు నీటికి 5 గ్రాముల అన్నభేది కలిపి పిచికారీ చేయవచ్చును. దీనితో గడ్డి ఏపుగా పెరగకుండానే వన్నె మెరుగుపడుతుంది. నత్రజనిని మరల శివరాత్రి తరువాత, రాత్రులు వెచ్చబడినప్పుడు ప్రారంభించవలెను.

ఈ జాగ్రత్త పచ్చికకు మాత్రమే పరిమితం కాదు. గడ్డి తీసుకోని ఎరువు వాననీటితో కాలువలలోకి, అక్కడినుంచి చెరువులలోకి చేరుతుంది. సఫిల్‌గూడ వంటి పట్టణ చెరువులలో గుర్రపుడెక్క విస్తరణకు మురుగునీరే ప్రధాన కారణమైనను, పెరటి ఎరువు ఆ భారాన్ని పెంచరాదు. విస్తరణ కార్యకర్త సలహా చెప్పే ముందు తెలుసుకోవలసినవి రెండు: అది ఏ జాతి గడ్డి, నేల ఎంత వెచ్చగా ఉన్నది. మోతాదు ఆ తరువాతి మాట.