పెండ్లి ముందటి సాయంత్రం ఏమి కట్టుకొని వెళ్ళాలి?

పెండ్లి శుభలేఖతో పాటు ఈమధ్య కొన్ని ఇండ్లకు మరొక చిన్న కార్డు కూడ వస్తున్నది. పిల్లలు అమెరికాలోనో హైదరాబాదులోనో ఉద్యోగాలు చేస్తున్న కుటుంబాల నుండి వచ్చే ఆ కార్డు మీద ‘రిహార్సల్ డిన్నర్’ అని అచ్చువేసి, క్రింద ఫలానా రంగు బట్టలతో రావలెనని కోరుతున్నారు. దానిని చేతిలో పట్టుకొని రేపల్లె ప్రక్క పల్లెలోని పెద్దమ్మగారు, బాపట్లలోని మేనత్తగారు ఒకే ప్రశ్న అడుగుతున్నారు: “ఇంతకీ మేము ఏమి కట్టుకొని రావాలమ్మా?” ఈ ప్రశ్న చిన్నదిగా కనబడుతుంది గాని, దీని వెనుక ఒక్కొక్క ఇంటి ఖర్చు, ఒక్కొక్కరి గౌరవము ఉన్నవి. అందుచేత ఈ నెల దీనిని గురించి మన కుటుంబాలతో కొంచెం వివరంగా మాట్లాడదలచితిమి.

పేరు క్రొత్తది, పద్ధతి పాతది

అమెరికాలో పెండ్లికి ముందటి రోజున వధూవరులు, తోడు పెండ్లికొడుకులు, తోడు పెండ్లికూతుళ్ళు దేవాలయములో ఎవరు ఎక్కడ నిలబడాలో, ఎవరి తరువాత ఎవరు నడవాలో ఒకసారి నడిచి చూచుకొంటారు. తరువాత అందరు కలిసి భోజనం చేస్తారు. ఆ భోజనం ఖర్చు పెండ్లికొడుకు తల్లిదండ్రులు పెట్టుకోవడం అక్కడి వాడుక.

మనకు ఇది పూర్తిగా తెలియనిదేమీ కాదు. తెనాలి, బాపట్ల, రేపల్లె ప్రాంతాలలో లూథరన్ కుటుంబమైనా, బాప్టిస్టు కుటుంబమైనా, పెండ్లి ముందటి సాయంత్రం ఇంటి ముందు షామియానా వేసి, చాపలు పరచి, సంఘ పెద్దలను పిలిచి ప్రార్థన పెట్టుకోవడం మనం ఎరిగినదే. ప్రార్థన తరువాత బంతి భోజనాలు. కొందరి ఇండ్లలో ఆ రోజు నలుగు కూడ ఉంటుంది. కొన్ని సంఘాలవారు అది వద్దంటారు. దానిని గురించి ఇక్కడ వాదించబోము.

మన పెండ్లిండ్లు పగటివేళ జరగడానికి చట్టము కూడ ఒక కారణమే. 1872 నాటి భారత క్రైస్తవ వివాహ చట్టము, ప్రత్యేక అనుమతి ఉంటే తప్ప, వివాహము ఉదయం 6 గంటలకును సాయంత్రం 7 గంటలకును మధ్య జరగాలని చెప్పుచున్నది. అందుచేత దూరపు బంధువులు ముందటి రాత్రికే వచ్చి చేరుకొంటారు. ఆ రాత్రి భోజనం వారికోసమే పుట్టినదని అనుకోవచ్చు.

పని చూచి బట్ట

ఏమి కట్టుకోవాలనే దానికి మొదటి జవాబు ఇదే: ఆ సాయంత్రం మీరు ఏమి చేయబోతున్నారో దానికి తగినది కట్టుకొనండి. నలుగుకు వెళ్ళేవారు పాత నూలు చీర కట్టుకోవాలి. పసుపు మరక పట్టుచీర మీద పడితే వదలదు. ప్రార్థనలో చాప మీద కూర్చోవాలి, మోకరించాలి, లేవాలి. బిగుతు బట్టలు, నేలను ఈడ్చుకుపోయే పొడుగు గౌనులు అక్కడ ఇబ్బందే. తల మీద కప్పుకోవడానికి చీర కొంగో, ఓణీయో, చున్నీయో ఉంటే చాలు. చెప్పులు బయట విడవాలి గనుక ఖరీదైన జోళ్ళు ఆ రోజుకు పెట్టెలోనే ఉంచండి. వడ్డనకు దిగే యువకులు తెల్ల చొక్కా మానుకోవడం మంచిది. పులుసు గిన్నెకు ఎవరి చొక్కా అయినా ఒకటే.

రెండవది ఎండ. మన సంఘాలలో వేసవి సెలవులలో పెండ్లిండ్లు ఎక్కువ. మే నెలలో సముద్రం దగ్గరి బాపట్లలో ఉక్క ఎంత ఉంటుందో చెప్పనక్కరలేదు. రేపల్లె నుండి పాసింజరు బండిలో వేమూరు మీదుగా తెనాలి చేరేసరికి కట్టిన బట్ట తడిసి ముద్దవుతుంది. ప్రయాణానికి ఒక చీర, ప్రార్థనకు మరొకటి సంచిలో పెట్టుకొని రండి. బరువైన పట్టుచీర మరునాటి ఆరాధనకు దాచుకొనండి. సాయంత్రానికి మంగళగిరి నూలు చీర ఎంతో హాయి. బాపట్ల జిల్లాలోనే ఉన్న చీరాల మగ్గాల మీద నేసిన చీరలు మన కంటికి కొత్త కాదు. దగ్గరి నేతగాని చేతికి నాలుగు రూపాయలు చేరడం కూడ మేలే. పురుషులకు పంచె లాల్చీ, లేక ఉతికి ఇస్త్రీ చేసిన ప్యాంటు చొక్కా సరిపోతుంది. కోటు అవసరం లేదు. పసిపిల్లలకు జరీ గుచ్చుకొని వారు ఏడిస్తే ప్రార్థన సాగదు. మెత్తని నూలు బట్ట వేయండి.

తెలుపు సంగతి

తెల్లచీర కట్టుకొని రావచ్చునా అని చాలామంది అడుగుతారు. తెల్లని పెండ్లి దుస్తులు లోకమంతట వ్యాపించడానికి ముఖ్య కారణం 1840లో ఇంగ్లండు రాణి విక్టోరియా తన వివాహానికి తెల్లని గౌను ధరించడమని చెప్పుకొంటారు. మన దేశానికి ఆ వాడుక మిషనరీల కాలంలో వచ్చి, మన చేతిలో గౌను పోయి తెల్లచీర, ముసుగు అయినది. అయితే తెలుపు మనకు పూర్తిగా పరాయిది కాదు. తెలుగు హిందూ కుటుంబాలలో వధూవరులు కట్టే మధుపర్కాలు కూడ తెల్లని నూలు బట్టలే గదా!

మన సంఘాలలో పెద్ద వయస్సు స్త్రీలు బల్లారాధనకు తెల్లచీర కట్టుకోవడం ఎప్పటినుండో ఉన్నది. వారు ఆ సాయంత్రం అలాగే వస్తే తప్పు పట్టవలసిన పని లేదు. పెండ్లి వయస్సు ఆడపిల్లలు మాత్రం జరీ పనిచేసిన తెలుపు, మీగడ రంగు పట్టుచీరలు మానుకుంటే మర్యాద. ఆ రంగు మరునాడు పెండ్లికూతురిది.

పిలిచేవారితో ఒక మాట

ఇప్పుడు వచ్చువారితో కాదు, పిలిచేవారితో మాట్లాడుతున్నాము. ఫోటోలలో అందంగా కనబడుతుందని అందరూ ఒకే రంగు బట్టలతో రావాలని కార్డు మీద వేయిస్తున్నారు. నలుగురు ఆడవాళ్ళున్న ఇంట్లో ఒక్క సాయంత్రం కోసం నాలుగు క్రొత్త చీరలంటే కౌలు రైతుకు, కూలి చేసుకొనే కుటుంబానికి అది ఎంత బరువో ఆలోచించండి. పెండ్లికి ఎలాగు ఒక చీర కొనాలి, చదివింపు ఇవ్వాలి, బండి ఛార్జీలు పెట్టుకోవాలి. ఆపైన ఈ ఖర్చు. కొందరు వడ్డీకి తెచ్చి కొంటారు. కొందరు ఒంట్లో బాగాలేదని కబురు పంపి మానుకొంటారు. మానుకొన్నవారు ఎవరో గమనిస్తే, పెండ్లికూతురిని చిన్నప్పుడు ఎత్తుకొని పెంచిన వారే అయి ఉంటారు. ఫోటోలో రంగు కుదురుతుంది, మనిషి తగ్గిపోతుంది.

మత్తయి సువార్త 22వ అధ్యాయములో పెండ్లి వస్త్రము లేనివాని సంగతి ఉన్నదిగదా అని కొందరు అంటారు. నిజమే. అయితే అక్కడ దారులలో దొరికినవారిని దొరికినట్టే లోపలికి పిలిచారు. అందుచేత ఆ వస్త్రమును రాజే ఇచ్చియుంటాడని వ్యాఖ్యానము చేసినవారున్నారు. మన పెద్దలు దగ్గరి బంధువులకు బట్టలు పెట్టి పిలిచిన ఆచారం దానికి దగ్గరగా ఉన్నది. కాబట్టి మా సలహా ఇది: రంగు కోరినవారు ఆ రంగు బట్ట కూడ ఇవ్వవలెను. ఇవ్వలేనప్పుడు రంగు కోరవద్దు. తోడు పెండ్లికూతుళ్ళకు ఇచ్చి, మిగిలినవారిని తమకున్న బట్టలతో రానివ్వండి.

వచ్చినవారిని కూర్చుండబెట్టడంలో కూడ జాగ్రత్త అవసరం. ఉంగరము పెట్టుకొన్నవానికి మంచి చోటు, మాసిన బట్టలవానికి పాదపీఠం దగ్గర చోటు చూపేవారిని యాకోబు పత్రిక 2వ అధ్యాయము గట్టిగా మందలించినది. పట్టుచీరలు ముందు కుర్చీలలో, నూలు చీరలు వెనుక చాపల మీద కూర్చొంటే ఆ మందలింపు మన షామియానాకే తగులుతుంది.

బట్ట ఒక గౌరవము

తిరువాన్కూరులో నాడార్ స్త్రీలు, వారిలో క్రైస్తవులైనవారు ముఖ్యంగా, పైవస్త్రము ధరించే హక్కుకోసం సుమారు 40 ఏండ్లు పోరాడి, దెబ్బలు తిని, 1859లో ఆ హక్కు సంపాదించుకొన్నారు. బట్ట మనిషిని తక్కువచేయడానికి కాదు, నిలబెట్టడానికని వారు నేర్పినారు. ఉన్నవారు తమ బట్టతో లేనివారిని చిన్నబుచ్చడం ఆ పోరాటానికి తగదు.

కొత్త చీర లేదని ఆగిపోయే తల్లులారా, ఉన్న చీరను ఉతికి, గంజిపెట్టి, మడత విప్పి కట్టుకొని రండి. చిరుగు ఉంటే కుట్టుకొనండి. ఎరువు తెచ్చుకొన్న నగలు వద్దు, పోతే తీర్చలేరు. పిలిచిన తల్లిదండ్రులారా, వారు గుమ్మంలో కాలుపెట్టినప్పుడు చీర వంక చూడకుండ ముఖం చూచి చేయి పట్టుకొని లోపలికి తీసుకొని వెళ్ళండి. మొదటి బంతిలోనే వారికి విస్తరి వేయించండి.