కొడవలి కణాలు

దౌల్తాబాద్, తాండూరు చేలల్లో పైరు కోసే కొడవలి మీకు తెలిసినదే. అదే ఆకారంలో రక్తకణాలు కూడా ఉంటాయంటే ఆశ్చర్యంగా లేదూ?

మామూలు ఎర్ర రక్తకణం గుండ్రంగా, మధ్యలో నొక్కినట్లు ఉంటుంది. మెత్తనిది కనుక సన్నని కేశనాళికల్లోనూ దూరిపోతుంది. రక్తహీనతతో బాధపడుతున్న ఒక విద్యార్థి రక్తంలో కొడవలిలా వంగిన కణాలను చూసినట్లు 1910లో చికాగో వైద్యుడు జేమ్స్ హెర్రిక్ ప్రకటించాడు. 1922లో ఈ వ్యాధికి 'సికిల్ సెల్ ఎనీమియా' అనే పేరు వచ్చింది. సికిల్ అంటే కొడవలి, సెల్ అంటే కణం, ఎనీమియా అంటే రక్తహీనత.

కణం ఎందుకు వంగుతుంది? లోపం హీమోగ్లోబిన్‌లో ఉంది. దాని బీటా గొలుసులోని 146 ఎమినో ఆమ్లాలలో ఒక్కటి, 6వది, మారిపోతుంది. ఇటువంటి హీమోగ్లోబిన్ ఆక్సిజన్‌ను విడిచినప్పుడు అణువులు అతుక్కొని కడ్డీల్లా పేరుకుంటాయి. కణం బిరుసెక్కి వంగుతుంది. నాళాల్లో ఇరుక్కుని తీవ్రమైన నొప్పి కలిగిస్తుంది. మామూలు కణం 120 రోజులు బతికితే, ఇది 10 నుంచి 20 రోజులే. అందుకే రక్తహీనత!

ఇది అంటువ్యాధి కాదు. జన్యువుల ద్వారా వస్తుంది. తల్లి నుంచీ తండ్రి నుంచీ లోపమున్న జన్యువు వస్తేనే వ్యాధి. ఒకరి నుంచే వస్తే వారిని 'వాహకులు' అంటారు. వీరు సాధారణంగా ఆరోగ్యంగానే ఉంటారు. పైగా వీరికి మలేరియా నుంచి కొంత రక్షణ! మలేరియా ప్రబలిన అడవి ప్రాంతాల్లో, ఉదాహరణకు ఆదిలాబాద్ గోండులలో, ఈ జన్యువు కనిపించడానికి కారణం ఇదే.

భార్యాభర్తలిద్దరూ వాహకులైతే ప్రతి కాన్పులోనూ బిడ్డకు వ్యాధి వచ్చే అవకాశం నాలుగింట ఒక వంతు. కనుక రక్తపరీక్ష కాగితంలో 'సికిల్' అన్న మాట కనిపిస్తే బెదిరిపోకండి. వ్యాధా, వాహకత్వమా అని డాక్టరు గారిని అడగండి.