పన్నీరు చిలకరించిన బత్తాయి ముక్కలు

ఆసుపత్రిలో ఉన్న బంధువులను చూడటానికి ఎవరూ వట్టి చేతులతో వెళ్ళరు. ఏలూరు రోడ్డు మీదో, బీసెంట్ రోడ్డు దగ్గరో పండ్ల బండి కనబడగానే ఆగి, అరడజను బత్తాయిలు సంచిలో వేయించుకుని బయలుదేరతాం. రెండు రోజులు తిరిగేసరికి రోగి మంచం పక్కనున్న బల్ల మీద మూడు నాలుగు సంచులు చేరతాయి. ఆ పండ్లను ఏం చేస్తాం? రసం పిండి, వడకట్టి, రెండు చెంచాల పంచదార కలిపి "బలం వస్తుంది, తాగండి" అని గ్లాసు చేతికిస్తాం. ఇచ్చేది ప్రేమతోనే. కానీ పండులోని పీచు వడపోతలో ఉండిపోతుంది, రోగి కడుపులోకి పంచదార వెళుతుంది.

ఇంట్లో విందులప్పుడు ఇంకొక ఇబ్బంది. పండుగకో, పిల్లల పుట్టినరోజుకో అందరి ముందూ పాయసం, కేకు, గులాబీ పువ్వులు పెడతారు. షుగరు వ్యాధి ఉన్న నాన్నగారో, అత్తగారో "నాకు వద్దులే అమ్మా" అని పక్కకు జరుగుతారు. లేదా మనసు ఆపుకోలేక రెండు గిన్నెల పాయసం తిని, మర్నాడు రక్తపరీక్షలో ఆ ఫలితం చూసుకుంటారు. వారు కూడా అందరితో కలిసి కూర్చుని తినగలిగే తీపి వంటకం ఒకటి ఉంటే బాగుంటుంది కదా!

అలాంటిది మొరాకో దేశంలో ఉంది. ఆఫ్రికా ఖండానికి వాయవ్య మూలన, ఒకవైపు అట్లాంటిక్, మరొకవైపు మధ్యధరా సముద్రం ఉన్న దేశమది. అక్కడి ఇళ్ళలో మాంసం కూరలతో బరువైన భోజనం అయ్యాక, నారింజ పండ్లను చక్రాల్లా కోసి, పళ్ళెంలో పరిచి, పైన దాల్చిన చెక్క పొడి, కొద్దిగా పూలనీరు చల్లి తెస్తారు. పొయ్యి వెలిగించే పని లేదు, నెయ్యి లేదు. కొందరు పైన పంచదార చల్లుతారు. అది మానేసినా రుచికి లోటు రాదు.

పూలనీరు మనకు కొత్త కాదు

మొరాకోవారు వాడేది నారింజ పూల నీరు. పుల్ల నారింజ చెట్లు వసంతకాలంలో పూస్తాయి. ఆ పూలను కోసి, నీటితో కలిపి మూసిన పాత్రలో కాచి, వచ్చే ఆవిరిని చల్లార్చి పట్టుకుంటారు. ఆ నీటిలోకి పూల వాసన దిగుతుంది. ట్యునీషియాలో నాబుల్ పట్టణం ఈ పనికి పేరు పొందింది. పెరట్లో నిమ్మచెట్టు ఉన్నవారికి ఆ వాసన ఎలా ఉంటుందో వేరే చెప్పనవసరం లేదు. నిమ్మపూత వాసనకు దగ్గరి చుట్టమే అది.

మొరాకోలో ఇంటికి వచ్చిన అతిథుల మీద, పెళ్ళిళ్ళలో బంధువుల మీద ఈ పూలనీటిని పొడవాటి మెడ ఉన్న వెండి బుడ్డితో చిలకరిస్తారు. మన పెళ్ళిపందిట్లో గుమ్మం దగ్గర నిలబడి పన్నీరు బుడ్డితో చేసేది కూడా ఇదే. పన్నీరు అంటే ఇక్కడ పాలను విరగ్గొట్టి చేసేది కాదు, గులాబీ నీరు. మన దేశంలో ఉత్తరప్రదేశ్‌లోని కన్నౌజ్ పట్టణంలో గులాబీ నీటిని, అత్తరును ఇప్పటికీ రాగి పాత్రల్లో కాచి తీస్తారు. మన ఊళ్ళో నారింజ పూల నీరు దొరకడం కష్టం. తినడానికి పనికివచ్చే గులాబీ నీరు దాని బదులు చక్కగా సరిపోతుంది.

పండు పేరు కూడా మన దగ్గరనుంచి వెళ్ళినదే. సంస్కృతంలోని నారంగం పారశీకంలో నారంగ్ అయింది, అరబ్బీలో నారంజ్ అయింది. అక్కడినుంచి స్పానిష్ భాషలో నరంహా అయింది, ఇంగ్లీషులో ఆరెంజ్‌గా తిరిగి మన ఊరికి వచ్చింది.

ఉత్తర ఆఫ్రికా పండ్ల చరిత్రలో ఒక మిషనరీ పేరు కూడా ఉంది. అల్జీరియాలో ఓరాన్ నగరం దగ్గర మిసెర్గిన్ అనే ఊళ్ళో ఒక అనాథాశ్రమం ఉండేది. ఆ ఆశ్రమం తోటను చూసుకున్న బ్రదర్ క్లెమెంట్ రోడియర్ అక్కడ ఒక కొత్త రకం చిన్న కమలాను గుర్తించి పెంచారు. 1902లో ఆ పండుకు ఆయన పేరు మీదుగానే క్లెమెంటైన్ అని పేరు పెట్టారు. ఈనాడు ప్రపంచమంతా తింటున్న పండు అది.

రసం కన్నా ముక్కలే ఎందుకు మేలు?

100 గ్రాముల నారింజ ముక్కల్లో సుమారు 47 కేలరీలు, 50 మిల్లీగ్రాములకు పైగా విటమిన్ సి, రెండు గ్రాములకు పైగా పీచు ఉంటాయి. ఒక గ్లాసు రసానికి మూడు నాలుగు పండ్లు కావాలి. అన్ని పండ్లను కూర్చుని తినాలంటే కడుపు నిండిపోతుంది, రసమైతే ఒక్క గుక్కలో లోపలికి పోతుంది. పీచు ఉంటే చక్కెర రక్తంలోకి నెమ్మదిగా చేరుతుంది. పీచు తీసేస్తే త్వరగా చేరుతుంది. అందుకే ప్రపంచ ఆరోగ్య సంస్థ 2015లో ఇచ్చిన సూచనల్లో పండ్ల రసంలోని చక్కెరను కూడా తగ్గించుకోవలసిన చక్కెరల లెక్కలోనే వేసింది. పండును పండుగా తింటే అందులోని చక్కెరను ఆ లెక్కలో వేయలేదు.

రోగికి పుల్లని పండ్లు తీసుకువెళ్ళే ఆచారంలో అర్థం లేకపోలేదు. 1747లో జేమ్స్ లిండ్ అనే ఓడ డాక్టరు, చిగుళ్ళు వాచి రక్తం కారుతూ మంచాన పడ్డ నావికులకు రకరకాల మందులు ఇచ్చి చూశాడు. రోజుకు రెండు నారింజలు, ఒక నిమ్మకాయ తిన్న ఇద్దరే త్వరగా కోలుకున్నారు. ఆ జబ్బు విటమిన్ సి లోపంవల్ల వచ్చే స్కర్వీ. ఈ విటమిన్ వేడికి నశిస్తుంది. మనం చెప్పుకునే వంటకంలో వేడి చేయడమే లేదు కాబట్టి అది అలాగే అందుతుంది.

మన తల్లులకు, ఆడపిల్లలకు ఇంకొక లాభం ఉంది. 2019–21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం ఆంధ్రప్రదేశ్‌లో 15 నుంచి 49 ఏళ్ళ స్త్రీలలో సగానికి పైగా రక్తహీనతతో ఉన్నారు. తోటకూర, పప్పుల్లోని ఇనుము ఒంటికి పట్టాలంటే విటమిన్ సి తోడు కావాలి. భోజనం చేసిన వెంటనే టీ తాగితే ఆ ఇనుము సరిగా పట్టదు. టీకి బదులు నాలుగు బత్తాయి ముక్కలు తింటే బాగా పడుతుంది.

మరి పంచదార లేకుండా తియ్యగా ఎలా ఉంటుంది? రుచిలో చాలా భాగం వాసనదే. జలుబు చేసి ముక్కు మూసుకుపోయినప్పుడు ఏ కూర అయినా చప్పగా అనిపిస్తుంది. గులాబీ, దాల్చిన చెక్క వాసనలు మనకు చిన్ననాటినుంచి తీపి పదార్థాలతో కలిసి అలవాటైనవి. అవి తగలగానే పండు ఉన్నదానికన్నా తియ్యగా తోస్తుంది.

కావలసినవి (నలుగురికి)

బత్తాయిలు – 3
కమలాలు – 2
తినడానికి వాడే గులాబీ నీరు – 1 టీ చెంచా
దాల్చిన చెక్క పొడి – 2 చిటికెలు
పుదీనా ఆకులు – 6
బాదం పప్పు – 6 (సన్నగా తరిగినవి)
ఖర్జూరాలు – 3 (షుగరు లేనివారికి మాత్రమే)

అనంతపురం, నల్గొండ ప్రాంతాల బత్తాయి నిజానికి తీపి నారింజ జాతి పండే. కనుక మొరాకో పద్ధతికి సరిగ్గా సరిపోతుంది. కమలాలు దొరకని రోజుల్లో అన్నీ బత్తాయిలే వేసుకోవచ్చు.

తయారు చేసే విధానం

1. చేతులు సబ్బుతో కడుక్కోండి. పండ్లను తొక్క తీయకముందే మంచినీళ్ళతో బాగా రుద్ది కడిగి తుడవండి. తొక్క మీద మురికి ఉంటే కత్తితోపాటు అది లోపలికి వెళుతుంది. మాంసం కోసిన కత్తి, చెక్క వాడవద్దు.

2. బత్తాయి రెండు చివరలు కోసి, నిలబెట్టి, పైనుంచి కిందికి తొక్కను, దాని కింది తెల్లని పొరను కత్తితో తీసేయండి. పండును అడ్డంగా సన్నని చక్రాలుగా కోయండి. గింజలు తీసేయండి. కమలాలను తొనలుగా విడదీసినా చాలు.

3. ముక్కలను వెడల్పాటి పళ్ళెంలో పరవండి. కోసేటప్పుడు కారిన రసాన్ని పారబోయకుండా దానిలో గులాబీ నీరు కలిపి ముక్కల మీద చిలకరించండి. ఒక చెంచాకు మించి వేయవద్దు. ఎక్కువైతే సబ్బు వాసన వస్తుంది.

4. దాల్చిన చెక్క పొడి చల్లి, మూతపెట్టి అరగంట ఫ్రిజ్‌లో ఉంచండి. వడ్డించే ముందు బాదం, పుదీనా వేయండి.

కోసినరోజే తినేయండి. బత్తాయి రసం నిలవ ఉంటే చేదెక్కడం అందరికీ తెలిసిందే. తెల్లపొర, గింజలు నలిగినప్పుడు రసంలో లిమోనిన్ అనే చేదు పదార్థం నెమ్మదిగా తయారవుతుంది. తెల్లపొర, గింజలు తీసి, నలపకుండా కోయమన్నది అందుకే.

ఇవి గుర్తుంచుకోండి

• ముఖానికి రాసుకునే గులాబీ నీరు, పెళ్ళిళ్ళలో చల్లే పన్నీరు నోట్లో వేసుకోవడానికి కాదు. సీసా మీద ఆహార పదార్థమని, 14 అంకెల ఆహార భద్రతా లైసెన్సు నంబరు ఉందని చూసి కొనండి. బజారు పూలతో ఇంట్లో చేసుకోవద్దు. వాటిమీద పురుగుమందు ఉండవచ్చు.

• షుగరు ఉన్నవారు ఒకసారికి ఒక పండుకు సమానమైన ముక్కలు తీసుకోవచ్చు. పాయసం తిని, దానిపైన ఇదీ తింటే ప్రయోజనం లేదు. పాయసానికి బదులుగా తినండి.

• కిడ్నీ జబ్బు ఉన్నవారు, డయాలిసిస్ చేయించుకునేవారు డాక్టరుగారిని అడగకుండా తినవద్దు. ఈ పండ్లలో పొటాషియం ఉంటుంది.

• బత్తాయి బదులు పంపరపనస వేయాలనుకుంటే ఆగండి. కొలెస్ట్రాల్, రక్తపోటులకు వాడే కొన్ని మందులతో, కిడ్నీ మార్పిడి తర్వాత వాడే కొన్ని మందులతో అది పడకపోవచ్చు. పుల్ల నారింజ కూడా అంతే. ముందు డాక్టరుగారితో మాట్లాడండి.

• ఐదేళ్ళలోపు పిల్లలకు బాదం ముక్కలు వేయకండి. గొంతుకు అడ్డం పడవచ్చు.

• "బత్తాయి తింటే జలుబు చేస్తుంది" అని బాలింతలకు, పిల్లలకు పండ్లు మాన్పించవద్దు. జలుబు వైరస్‌వల్ల వస్తుంది, పండువల్ల కాదు. చల్లదనం పడనివారికి ఫ్రిజ్‌లో పెట్టకుండానే ఇవ్వండి.

• రోడ్డు పక్కన ముందే కోసి ఉంచిన ముక్కలు కొని రోగికి ఇవ్వవద్దు. క్యాన్సర్ మందులు వాడుతున్నవారికి పచ్చి పండ్లు ఇచ్చేముందు వార్డులోని సిస్టరుగారిని అడగండి.

ఈసారి మీ బంధువులను చూడటానికి వచ్చేటప్పుడు కూడా బత్తాయిలే తీసుకురండి. వాటితోపాటు శుభ్రంగా కడిగిన చిన్న కత్తి, మూత ఉన్న డబ్బా తెచ్చుకోండి. రోగి తినవచ్చని సిస్టరుగారు చెబితే, పక్కన కూర్చుని రెండు ముక్కలు కోసి పెట్టండి. పండుగనాడు ఇంట్లో పాయసం గిన్నె పక్కన ఈ పళ్ళెం కూడా ఉంచండి. షుగరు ఉన్న పెద్దవారిని "మీకోసమే చేశాం, రండి" అని పిలవండి.